మూడో అరలో బూట్లు

ఒడ్డింటి గుమ్మం బయట, తలుపు అద్దానికి ముక్కు ఆనేంత దగ్గరగా ఒక ముసలాయన నిలబడి ఉన్నాడు. టోపీ మీదా భుజాల మీదా మంచు పేరుకుంది. అంత పేరుకుందంటే వచ్చి చాలాసేపే అయి ఉండాలి. హెలినా వూరియో చక్రాల పెట్టె లాక్కుంటూ వాలుదారి ఎక్కి పక్కకి వచ్చినా ఆయన తల తిప్పలేదు.

"లోపలికి రారా? ఎంత చలిగా ఉందో," అంది ఆమె తలుపు తెరిచి పట్టుకుని.

"నేను రాకూడదు," అన్నాడాయన. కోపంగా కాదు, ఈ బస్సు స్టేషన్ వైపు వెళ్ళదు అని చెప్పినట్టు చెప్పాడు. "నువ్వెళ్ళమ్మా. తలుపు తీసి ఉంచితే లోపలివాళ్ళకి చలి కొడుతుంది."

హెలినా లోపలికి వెళ్ళింది గానీ ఆ మాట ఆమె వెంటే వచ్చింది. ఆ తలుపు, ఆ అద్దం, ఆ గుమ్మం అన్నీ ఆమె గీసినవే. అరవై ఏళ్ళ జీవితంలో చాలా ఇళ్ళు, బళ్ళు, ఒక గ్రంథాలయం కట్టించింది. మీరు కట్టినవాటిలో మీకు ఇష్టమైనదేది అని ఎవరడిగినా ఒడ్డిల్లే అనేది. డాక్టర్లు ఇక చేసేదేం లేదని చెప్పేసినవాళ్ళు చివరి రోజులు గడపడానికి సరస్సు ఒడ్డున కట్టిన ఇల్లు అది. ఏడే గదులు. తలుపు మీద పొడుగాటి పేరొకటి ఉంది గానీ ఊళ్ళో ఎవరూ ఆ పేరుతో పిలవరు.

గీత గీయకముందు ఆమె పట్నంలోని పాత ఆసుపత్రిలో ఒక మంచం అడిగి తీసుకుని వారం రోజులు రోగిలా పడుకుంది. నెత్తిన ట్యూబ్‌లైటు ఎంత చిరాకో, ఇనప పిడి ఎంత చల్లనో, తిన్నగా సాగిపోయే వరండాని చూస్తే చివర ఏముందోనని ఎంత బెంగ పుడుతుందో తెలుసుకుని లేచింది. అందుకే ఇక్కడ నెత్తిన దీపాల్లేవు, చెక్క పైకప్పే. పిడులకి తోలు చుట్టించింది. దిండు మీంచి తల ఎత్తకుండానే సరస్సు కనబడాలని కిటికీలు మోకాలెత్తునే మొదలుపెట్టింది. వంటిల్లు గదుల మధ్యలో పెట్టింది, తినలేనివాళ్ళకి వాసనైనా అందాలని. గోడలు ఎలాగూ మనుషులతో మాట్లాడతాయి, మర్యాదగా మాట్లాడేట్టు చూడటమే నా పని అనేది. పత్రికలవాళ్ళు ఆ మాటని ఆమె ఫొటో కింద వేసుకున్నారు.

అన్నిటికంటే ఆమెకి గర్వంగా ఉండేది ఈ గుమ్మం. పొడుగాటి బర్చ్ చెక్క బెంచీ, దాని పక్కన గోడకి ఏడు అరలు, పైన పసుపుగా వెలిగే చిన్న దీపం. ఒక్కో గదికి ఒక్కో అర. రోగివీ, చూడటానికి వచ్చిన ఇంటివాళ్ళవీ బూట్లన్నీ అందులోనే. పక్కన బుట్ట నిండా ఊళ్ళో ఆడవాళ్ళు అల్లి పంపిన ఉన్ని సాక్సులు. ఆసుపత్రిలో బూట్లు విప్పం, ఇంట్లో విప్పుతాం, ఇది ఇల్లేనని మొదట కాళ్ళకి తెలియాలి, తర్వాత మనసుకి తెలుస్తుంది అని సమావేశాల్లో చెప్పి అందరినీ ఒప్పించింది. ఇప్పుడు ఆ అరలు తీసేస్తామని కబురొచ్చింది. అందుకే రైలెక్కి వచ్చింది.

మూడో అరలో ఒకే ఒక్క జత ఉంది. ఆడవాళ్ళవి, గోధుమరంగు తోలు బూట్లు. పాలిష్ తళతళలాడుతోంది. హెలినా తన బూట్లు విప్పి బెంచీ కిందకి తోసి, సాక్సులతో వంటింట్లోకి వెళ్ళింది.

ఇంటి పెద్ద కైసు కాఫీ పోసి, యాలకుల బన్నులు ముందుకి జరిపింది. నర్సుగా మొదలుపెట్టి ఇంత దూరం వచ్చిన మనిషి, హెలినా ఈడుదే. ఆ వైపు అసలు సంగతి రెండో కప్పు దాకా ఎవరూ ఎత్తరు. రైలు గురించీ, సరస్సు ఈ ఏడు ఆలస్యంగా గడ్డకట్టడం గురించీ మాట్లాడుకున్నారు.

"అరలు తీసేద్దాం హెలినా," అంది కైసు రెండో కప్పు పోస్తూ. "బెంచీ కూడా. గుమ్మంలో ప్లాస్టిక్ తొడుగులు పెట్టేస్తా, బూట్ల మీదే తొడుక్కుని వస్తారు. కట్టినదానివి, నిన్ను అడక్కుండా చెయ్యకూడదని పిలిచాను."

"ఆ నీలం తొడుగులా? చావబోయేవాడి మంచం దగ్గరికి కరకరలాడుకుంటూ వెళ్తారా?"

"ఎగతాళి చెయ్యకు."

"చెయ్యట్లేదు. బయట నిలబడ్డాయనెవరు, ముందది చెప్పు."

కైసు చెంచాతో కాఫీ కలిపింది. అందులో పంచదార లేదు.

"తైస్తో. భార్య ఐరి మూడో గదిలో ఉండేది. సెప్టెంబర్లో పోయింది. ఆవిడ బూట్లు తీసుకెళ్ళమంటే తీసుకెళ్ళలేదు. రోజూ మధ్యాహ్నం వచ్చి నీ బెంచీ మీద కూచునేవాడు. కూచుంటే నాకేం పోయింది, కాఫీ కూడా ఇచ్చేవాళ్ళం. కానీ మూడో గదికి కొత్తవాళ్ళొస్తారు కదా. అరలో ఈ బూట్లెవరివి అని అడిగితే ఏం చెప్పను?"

"తీసి ఎక్కడైనా పెట్టకపోయావా?"

"పెట్టాను," అంది కైసు. "ఆయనకి చెప్పకుండా కింద సామాన్ల గదిలో పెట్టాను. తప్పు నాదే. మర్నాడు వచ్చి, బూట్లు కనపడక, ప్రతి గది తలుపూ తీసుకుంటూ పోయాడు. మూడో గది తలుపు తీసేసరికి లోపల ఒకాయన ఆఖరి ఊపిరి మీద ఉన్నాడు. కూతురు చెయ్యి పట్టుకుని కూచునుంది. 'ఐరి బూట్లేవి?' అని అరిచాడు తైస్తో. ఆ పిల్ల ఇటు తిరిగింది. మళ్ళీ అటు తిరిగేసరికి అయిపోయింది." ఆమె చెంచా సాసర్లో పెట్టింది. "నాన్న ఆఖరి చూపు నాకు దక్కలేదని ఏడ్చింది హెలినా. ఎక్కణ్ణించి తెచ్చివ్వను దానికి?"

హెలినా తన కప్పు పక్కకి జరిపింది.

"బూట్లు మళ్ళీ అరలో పెట్టించాను. ఆయన్ని మాత్రం లోపలికి రావద్దన్నాను. రావట్లేదు. బయట నిలబడుతున్నాడు. వచ్చేవాళ్ళంతా ముందు ఆయన్ని చూసి, తర్వాత ఆ బూట్లని చూసి లోపలికొస్తున్నారు."

"రెండు మూడు రోజులుంటాను," అంది హెలినా. "ఎప్పట్లాగే కూచుని చూస్తాను. తర్వాత చెప్తాను."

నిజానికి ఆమె మనసులో జవాబు రైలెక్కకముందే సిద్ధంగా ఉంది. ఒక ముసలాయన దుఃఖం పేరు చెప్పి ఏడు గదుల వాళ్ళ గుమ్మాన్ని పాడుచెయ్యనివ్వదు. ఆయనకి వేరే దారి చూడొచ్చు.

ఆమె పని చేసే పద్ధతే అది. ఎవరినీ ఏమీ అడగదు. మూలన కూచుని చేతులు గీస్తుంది. మనుషులు నోటితో బాగుందనే చెప్తారు, చేతులు మాత్రం అబద్ధమాడలేవంటుంది. ఆ మధ్యాహ్నం బెంచీ చివర కూచుని పెన్సిల్ చెక్కుకుంటుండగా మూడో గదికి కొత్తావిడ వచ్చింది.

పేరు ఇర్మెలి. చక్రాల కుర్చీలో, మెడ దాకా శాలువా చుట్టుకుని, ముఖమంతా కళ్ళే అయిపోయి ఉంది. వెనక కూతురు హన్నెలే. నర్సు యొన్నా ఎదురొచ్చి కుర్చీని బెంచీ పక్కన ఆపింది. హన్నెలే మోకాళ్ళ మీద కూచుని తల్లి బూట్ల జిప్పు లాగింది. అది సగంలో ఇరుక్కుంది.

"నెమ్మదే. కొత్తవి," అంది ఇర్మెలి.

"తెలుసమ్మా."

"ఇంకో పదేళ్ళు చూసుకోనక్కర్లేదన్నాడు కొట్టువాడు."

హన్నెలే చెయ్యి జిప్పు మీదే ఆగిపోయింది. తల్లి కూతుళ్ళు ఒకళ్ళ ముఖం ఒకళ్ళు చూసుకున్నారు. ముందు ఇర్మెలే నవ్వింది.

"వాడి మాట నిజమేలే. బూట్లకేం, ఉంటాయి."

కూతురు కూడా నవ్వబోయింది, కుదర్లేదు. బూట్లు రెండూ ఊడదీసి, లేచి, మూడో అరలో గోధుమరంగు జత పక్కన ముక్కులు గోడకి ఆనేలా పెట్టింది. అరలు అలా పెడితేనే పట్టేంత లోతు.

"అవెవరివి? పక్కగదావిడవా?" అడిగింది ఇర్మెలి.

"ఆవిడ వెళ్ళిపోయారండీ," అంది యొన్నా.

"బూట్లేసుకోకుండానా?"

యొన్నాకి పాతికేళ్ళుంటాయి. సాక్సుల బుట్టలో చెయ్యి పెట్టి, ఎరుపా నీలమా అని అడిగింది. ఎరుపు అంది ఇర్మెలి. అరకేసి మళ్ళీ చూడలేదు. కుర్చీ వరండా మలుపు తిరుగుతుండగా మాత్రం, "హన్నెలే, వెళ్ళేటప్పుడు నా బూట్లు మర్చిపోకు," అంది. హన్నెలే బాత్‌రూమ్ ఎక్కడని యొన్నాని అడిగి గబగబా అటు వెళ్ళిపోయింది.

హెలినా పుస్తకంలో చెయ్యి సగమే గీసి ఉంది, వేళ్ళు లేవు. ఆమె పెన్సిల్ కింద పెట్టేసింది.

మర్నాడంతా అక్కడే కూచుంది. ఐదో గదావిడ భర్త కుక్కకి అన్నం పెట్టడానికి ఇంటికి బయల్దేరాడు. తన బూట్లు వేసుకున్నాక భార్య బూట్లు తీసి, అడుగున లేని మట్టిని గోకి, మళ్ళీ పెట్టాడు. ఒకటో గది మనవరాలు బూట్లు అరలో పెట్టకుండా చేత్తోనే లోపలికి పట్టుకుపోయింది. మందుల బండి తోసుకుంటూ వెళ్ళే యొన్నా అరల దగ్గరికి రాగానే అటుపక్కకి చూసేది, రోజంతా అలాగే. ఆరేళ్ళ క్రితం, ఇల్లు తెరిచిన కొత్తలో, హెలినా ఇదే బెంచీ మీద కూచుని ఇలాంటి చేతులే గీసింది. ఇంట్లోవాళ్ళు ఒకరి బూట్లు ఒకరు సర్దుకుంటున్నారు, నేననుకున్నదే జరుగుతోంది అని మురిసిపోయింది. ఇప్పుడవే చేతులు ఆమెకి వేరేగా కనబడుతున్నాయి.

మధ్యాహ్నం కోటు వేసుకుని బయటికి వెళ్ళింది. తైస్తో నిన్నటి చోటే ఉన్నాడు.

"రోజూ నిలబడితే కాళ్ళు నొప్పెట్టవా?"

"నలభై ఏళ్ళు బస్సు నడిపాను. కూచుని కూచుని విసుగెత్తింది. ఇప్పుడు నిలబడుతున్నా," అన్నాడు. అద్దం మీద తన ఊపిరి ఆవిరిని చేతితొడుగుతో తుడిచాడు. "ఎవరు గీశారో గానీ ఆ దీపం మాత్రం సరిగ్గా పెట్టారమ్మా. ఇక్కణ్ణించి కూడా మడమల అరుగుదల కనబడుతుంది."

గీసింది నేనే అని చెప్పడానికి హెలినాకి నోరు రాలేదు.

"ముక్కులు గోడకి పెట్టడమొకటే బాలేదు," అన్నాడాయన. "తప్పు చేసిన పిల్లల్ని మూలన నిలబెట్టినట్టు. ఐరి ఎప్పుడూ గుమ్మం వైపే పెట్టేది. ఇల్లంటుకుంటే తిరిగి కూచుని వేసుకుంటామా అనేది."

"ఎప్పుడైనా అంటుకుందా?"

"యాభై ఏళ్ళలో ఒక్కసారీ లేదు. అయినా అలాగే పెట్టేది."

ఇద్దరూ కాసేపు లోపలికి చూస్తూ నిలబడ్డారు. చలికి కళ్ళల్లో నీళ్ళు తిరిగాయని హెలినా తనకి తాను చెప్పుకుంది.

మూడో రోజు ఉదయం ఇర్మెలి పోయింది. వచ్చి రెండు రాత్రులే అయింది. నిద్రలోనే పోయిందనీ, కూతురు పక్కనే ఉందనీ యొన్నా చెప్పింది. ఈసారి ఆ క్షణాన్ని ఎవరూ చెడగొట్టలేదు.

పోయినవాళ్ళని వెనక తలుపున దొంగచాటుగా పంపకూడదు, వచ్చిన గుమ్మంలోంచే పంపాలని ఈ ఇల్లు కట్టేటప్పుడు హెలినా పోట్లాడింది. ఆ పద్ధతే నడుస్తోంది. మధ్యాహ్నం కారు రాగానే కైసు కొవ్వొత్తి వెలిగించింది. నర్సులు, వంటావిడ, ఐదో గదావిడ భర్త వరండా పొడుగునా రెండు వరసల్లో నిలబడ్డారు, అందరూ ఉన్ని సాక్సులతోనే. హెలినా కూడా నిలబడింది. తెల్ల దుప్పటి కప్పిన బండి చప్పుడు లేకుండా వచ్చింది. నేలకి ఏ చెక్క వేస్తే చక్రాలు చప్పుడు చెయ్యవో వెతికి వెతికి తెప్పించింది ఆమే. దుప్పటి చివర్నుంచి ఎర్ర సాక్సులు కొద్దిగా బయటికి కనబడుతున్నాయి. అందరూ తలలు వంచారు. ఇది ఎంత బాగా కట్టానని గర్వపడాల్సిన చోట ఆమెకి ఏడుపొచ్చింది.

బండి గుమ్మం దాటాక వెనక హన్నెలే మిగిలింది. తన బూట్లు వేసుకుంది. తర్వాత మూడో అర ముందు నిలబడింది. తల్లి బూట్లు తీసి గుండెకి ఆనించుకుంది, అది బాగుండదనుకుందో ఏమో ఒక చేత్తో వేలాడదీసి పట్టుకుంది, చివరికి కోటు జేబులోంచి సూపర్‌మార్కెట్ సంచీ తీసి అందులో వేసుకుంది. తల్లి ఆమెని అడిగిన ఆఖరి పనుల్లో అదొకటి. ఎవరి ముఖం చూడకుండా బయటికి నడిచింది.

వాలుదారి మీద సంచీ పక్కకి చిరిగింది. ఒక బూటు మంచులో పడి కింద దాకా జారింది. హన్నెలే దానికేసి చూస్తూ ఉండిపోయింది, వంగలేదు. కారువాళ్ళు చూడలేదు. అద్దం పక్కనున్న తైస్తో ఒక చెయ్యి కమ్మీ మీద వేసి నెమ్మదిగా కిందికి దిగాడు. బూటు తీసి, లోపల పడ్డ మంచు దులిపి, కోటు చేతితో దాని ముక్కు తుడిచాడు. జత కలిపి లేసుల్లేని ఆ బూట్లని తన మెడ చుట్టూ ఉన్న మఫ్లర్‌తో కట్టి హన్నెలే చేతుల్లో పెట్టాడు. ఆమె ఏదో అంది. ఆయన తలూపాడు. కారు వెళ్ళిపోయింది.

అద్దం లోపల్నుంచి ఇదంతా చూసిన హెలినా బెంచీ మీద కూలబడింది. ఆమె వారం రోజులు చావబోయేవాడి మంచం మీద పడుకుంది. పైకప్పు చూసింది, పిడి పట్టుకుంది, కిటికీ కొలిచింది. కానీ ఈ గుమ్మంలోంచి ఇంకొకరి బూట్లు పట్టుకుని బయటికి వెళ్ళి చూడలేదు. వచ్చేవాళ్ళ కోసం కట్టింది. మిగిలిపోయేవాళ్ళు కూడా ఇదే గుమ్మంలోంచి వెళ్తారని ఆమెకి తట్టనే లేదు. ఇంట్లో విప్పిన బూట్లు మళ్ళీ వేసుకుంటాం. ఇక్కడ వేసుకోరు. అంత చిన్న సంగతి ఆరేళ్ళు ఆమె కంటపడలేదు.

లేచి తలుపు తెరిచింది.

"తైస్తో గారూ, లోపలికి రండి."

"కైసు ఒప్పుకోదమ్మా."

"ఈ గుమ్మం కట్టింది నేను. రండి."

ఆయన ఆమెని పైనుంచి కిందదాకా చూశాడు. "నువ్వా?" అన్నాడు. "నిన్ననే చెప్తే ముక్కుల సంగతి ఇంకాస్త గట్టిగా చెప్పేవాణ్ణిగా." బూట్ల మంచు తట్టుకుని, గుమ్మంలోనే విప్పి, వచ్చి బెంచీ అంచు మీద కూచున్నాడు. వరండా మలుపులో కైసు కనబడింది, చేతిలో ఆర్పిన కొవ్వొత్తి. వాళ్ళిద్దరినీ చూసి ఆగింది. తర్వాత వెనక్కి తిరిగి వెళ్ళిపోయింది.

"ఇంటికి తీసుకెళ్ళకూడదా వీటిని?" అడిగింది హెలినా.

"ఎలా తీసుకెళ్ళను?" తైస్తో చేతులు మోకాళ్ళ మీద పెట్టుకున్నాడు. "రోజూ సాయంత్రం అడిగేది, నా బూట్లున్నాయా అని. ఉన్నాయే, గుమ్మంలోనే ఉన్నాయి అనేవాణ్ణి. అది విన్నాక నిద్రపోయేది. మందుకి కూడా అలా నిద్రపోయేది కాదు."

"అంటే ఇంటికి వెళ్తానని నమ్మిందా?"

"నమ్మిందో, నేను నమ్మాలని అడిగేదో. ఆఖర్రోజు కూడా అడిగింది. నడిచే వస్తాను తైస్తో, నువ్వు నా బూట్లు చేత్తో పట్టుకుని ఊళ్ళో తిరక్కు, చూసేవాళ్ళు నేను పోయాననుకుంటారు అంది. సరేనన్నాను. మాటిచ్చాక చేత్తో ఎలా పట్టుకెళ్ళను? ఆ పిల్లని చూశావుగా ఇప్పుడు."

మూడో అరలో ఇప్పుడు ఐరి బూట్లొక్కటే ఉన్నాయి. దీపం వాటి మీద పడుతోంది. హెలినా వాటిని తీసి బెంచీ మీద పెట్టింది. మడమలు ఎడమవైపు అరిగాయి.

"ఏ సైజు?"

"ముప్ఫై ఎనిమిది."

"నాది ముప్ఫై తొమ్మిది," అంది హెలినా. "మీ ఇల్లెంత దూరం?"

తైస్తోకి అర్థమవడానికి కాస్త సమయం పట్టింది. అర్థమయ్యాక పక్కకి జరిగి చోటిచ్చాడు. హెలినా ఉన్ని సాక్సులు తీసేసి పల్చటి సాక్సులతో కాలు లోపలికి దూర్చింది. వేళ్ళు ముడుచుకున్నాయి. లేసులు అందుకోబోతే ఆయన ఆమె చెయ్యి పక్కకి నెట్టాడు.

"ఆగు. రెండేళ్ళుగా నేనే కట్టేవాణ్ణి. ఐరికి వేళ్ళు వంగేవి కావు."

బెంచీ పట్టుకుని ఒక్కో మోకాలే నేలకి ఆనించి కూచున్నాడు. రెండు ముడులు వేశాడు, రెండో ముడి బిగించి బొటనవేలితో ఒకసారి నొక్కాడు. హెలినా పైకప్పు చెక్కలకేసి చూస్తూ కూచుంది, కిందికి చూస్తే కళ్ళు ఆగేట్టు లేవు. లేచాక, ఎప్పటి అలవాటో, బెంచీ కింద అడ్డంగా ఉన్న తన బూట్లు తీసి ఖాళీ అరలో పెట్టి బయల్దేరింది.

పొద్దు వాలుతోంది. సరస్సు అంచున సన్నటి మంచుపొర కట్టింది. ఆకురాలే కాలపు బూట్లు అవి, మంచుకి పనికొచ్చేవి కావు. రెండు వీధులు దాటేసరికి హెలినా సాక్సులు తడిసిపోయాయి. తైస్తో ఆమె ఎడమపక్కన నడిచాడు, నేల కేసే చూస్తూ. ఐస్ ఉన్నచోట చెయ్యి అందించాడు. రొట్టెల దుకాణం ముందు ఆగి, లోపలికి చూసి, "ఇక్కడ ఆగేది ఎప్పుడూ," అన్నాడు. కాసేపు ఆగారు. రైలు పట్టాల దగ్గర గేటు పడితే, "ఇక్కడ తిట్టేది," అన్నాడు. ఎవరో తెలిసినాయన టోపీ ఎత్తి పలకరించి, హెలినాని వింతగా చూసి వెళ్ళాడు. మడమలు ఎడమవైపుకి ఒరిగే ఆ బూట్లలో హెలినా నడక కూడా ఎడమవైపుకి ఒరిగింది. తైస్తో అది గమనించాడు. ఆ తర్వాత ఇల్లు వచ్చేదాకా ఆమె కన్నా ఒక అడుగు వెనకే నడిచాడు.

రెండో అంతస్తులో ఇల్లు. తలుపు లోపల చాప మీద మగవాళ్ళ చెప్పులు ఒక జతే ఉన్నాయి, పక్కన అంత ఖాళీ జాగా అలాగే వదిలేసి ఉంది. హెలినా ఆ ఖాళీలో నిలబడింది. ఆయన మళ్ళీ మోకాళ్ళ మీద కూచుని ముడులు విప్పాడు, ఆమె కాళ్ళు పైకి తీసుకుంది. తడి తుడిచి, ముక్కులు గుమ్మం వైపు తిప్పి, రెండూ జతగా పెట్టాడు.

"వచ్చేశావ్," అన్నాడు బూట్లతో.

చాలాసేపు అలాగే నేల మీద కూచున్నాడు. హెలినా గోడకానుకుని తడి సాక్సులతో నిలబడింది. మంచి పని చేశానన్న సంతోషం ఇంకా పూర్తిగా కలగకముందే ఆయన తలెత్తి అడిగాడు.

"మరి రేపు మధ్యాహ్నం నేనెక్కడికి వెళ్ళనమ్మా?"

ఈ మనిషికి మిగిలిన ఒక్క చోటునీ తనే తుడిచిపెట్టేసిందని హెలినాకి అప్పుడు తెలిసింది. ఏదో అనబోయి కిందికి చూసుకుంది.

"నా బూట్లు అక్కడే ఉండిపోయాయి," అంది.

తైస్తో ఆమె కాళ్ళకేసి చూశాడు. "అంత పెద్ద ఇల్లు కట్టావు, వెనక్కి ఎలా వెళ్ళాలో చూసుకోలేదా?"

"చూసుకోలేదు," అంది హెలినా. "నేనెప్పుడూ అదే చూసుకోలేదు."

ఆయన గోడ పట్టుకుని లేచి, లోపల్నుంచి మోకాళ్ళ దాకా వచ్చే రబ్బరు బూట్లు తెచ్చాడు. చేపలు పట్టడానికి వేసుకునేవట. వాటిలో ఆమె కాళ్ళు ఈదుతున్నాయి.

"తెచ్చివ్వక్కర్లేదులే. వేరేవి ఉన్నాయి నాకు."

"నేను తేను," అంది హెలినా. "ఒడ్డింట్లో పెట్టి వెళ్తాను. రేపు మధ్యాహ్నం మీరే వచ్చి తీసుకోండి."

"కైసు?"

"బూట్ల కోసం వచ్చినవాణ్ణి ఎవరాపుతారు? కాఫీ తాగి వెళ్ళండి. మర్చిపోతే ఎల్లుండి మళ్ళీ రండి."

తైస్తో తలుపు ఆమె మెట్లు దిగేదాకా తెరిచే ఉంచాడు.

ఒడ్డిల్లు చేరేసరికి చీకటి పడింది. వాలుదారి ఎక్కి, తలుపు తెరవబోయి, హెలినా ఆగిపోయింది. అద్దంలోంచి గుమ్మమంతా కనబడుతోంది. మూడో అరలో, పసుపు దీపం కింద, ముక్కులు గోడకి ఆనించి తన బూట్లే ఉన్నాయి. మధ్యాహ్నం తను పెట్టి వెళ్ళినవి. అవి తనవేనని తెలిసి కూడా, వాటిలో కాళ్ళు పెట్టుకున్న మనిషి ఇక లేదనిపించింది. ఇల్లు గుర్తొచ్చింది, తన గుమ్మం గుర్తొచ్చింది, వీటిని ఎవరు ఏ సంచీలో వేసుకుని వెళ్తారో అనుకుంది. తైస్తో నిలబడే చోటే నిలబడి ఉందని కాసేపటికి గానీ గమనించలేదు.

కైసు లోపల్నుంచి చూసి తలుపు తీసింది.

"ఏంటక్కడే నిలబడిపోయావ్? రేపు పొద్దున్న మూడో గదికి కొత్తవాళ్ళొస్తున్నారు. అరలో నీ బూట్లున్నాయి."

"చూశాను," అంది హెలినా. "అరలు తీసేయ్ కైసు. నేనే విప్పి ఇచ్చి వెళ్తాను. వాళ్ళ బూట్లు వాళ్ళ గదిలో, మంచం పక్కన ఉండనీ. బెంచీ మాత్రం ముట్టుకోకు."

"బెంచీ ఎందుకింక?"

హెలినా కూచుని రబ్బరు బూట్లు ఒక్కొక్కటే లాగి, అడుగు మంచు తుడిచి, బెంచీ కింద ముక్కులు గుమ్మం వైపు తిప్పి పెట్టింది.

"ఇవెవరివి?" అడిగింది కైసు.

"తైస్తోవి. రేపొస్తాడు."